కూమ్ మీద కాలెత్తకూడదు

తివత్,
1984 సెప్టెంబర్ 9

మిలుషా అత్తకి,

నేను బాగున్నాను. మోకాలు కూడా బాగుంది. నువ్వు నాకంటే ముందు మోకాలి గురించే అడుగుతావు కాబట్టి మొదటే రాసేస్తున్నాను. నువ్వు బస్సులో పంపిన జున్ను అందింది. అందింది అంటే, ఎండకి సగం కరిగి డ్రైవర్ సీటు మీదికి కారింది. ఆయన మిగిలిన జున్నుతో పాటు తన ప్యాంటు కూడా నా చేతిలో పెట్టి, ఉతికి ఇవ్వమన్నాడు. ఉతికాను. నీ జున్ను వాసన ఇంకా పోలేదు.

సీజన్ మొదలైంది. డైరెక్టర్ పెరిషిచ్ గారు నన్ను గదిలోకి పిలిచి, "వుక్సాన్, నీ కాంట్రాక్టు జూన్‌తో అయిపోతుంది. మన గాలెబ్ క్లబ్బు ఈ లీగులో నిలబడిందా, నీకు ఇంకో ఏడాది ఇస్తాను. దిగువ లీగుకి పడిపోయిందా, నీకు జీతంగా ఇవ్వడానికి నా దగ్గర సార్డీన్ చేపలు తప్ప ఏమీ ఉండవు" అన్నారు. నాకు ముప్ఫై మూడేళ్ళు వచ్చాయి అత్తా. బడి మానేసిన రోజు నుంచీ నేను చేసింది ఒకటే పని, వచ్చేవాణ్ణి ఆపడం. స్టాపర్‌గా ఈ రెండో లీగులో నాకో పేరుంది. పేపర్లవాళ్ళు నన్ను 'గొడ్డలి' అంటారు. ఈ పని పోతే నేను ఎవరిని ఆపాలి? బస్సుల్నా?

ఇప్పుడు అసలు సంగతి. పోయిన ఆదివారం సోకోల్ టీముతో ఆట. మేం లోపలినుంచి మైదానంలోకి నడుస్తున్నాం. సోకోల్ ఫార్వర్డ్ ద్రాగిచ్, కిందటేడు నా కాలికి భయపడి మ్యాచ్ అంతా గీతకి అవతలే తిరిగినవాడు, ఎదురొచ్చాడు. చంకలో ఏడాది పిల్లాడు. చేతిలో కత్తెర. "వుక్సాన్, దేవుడి మీద ఆన, సెయింట్ యోవాన్ మీద ఆన, మా వాడికి మొదటి జుట్టు నువ్వే తీయాలి, నాకు కూమ్‌వి, దేవుడి సాక్షిగా బంధువువి, కావాలి" అన్నాడు. ఆ మాట అన్నాక కాదనే మనిషి మన కొండల్లో పుట్టలేదు కదా. కత్తెర పుచ్చుకుని నాలుగు వెంట్రుకలు కత్తిరించాను. ఇద్దరం మూడుసార్లు ముద్దులు పెట్టుకున్నాం. పిల్లాడు ఏడ్చాడు, నాకూ కళ్ళు తడిశాయి.

ఆట మొదలైన కాసేపటికి అదే ద్రాగిచ్ బంతితో నా మీదికి వచ్చాడు. నేను కాలెత్తాను. వాడు నవ్వుతూ, "కూమా!" అన్నాడు. కాలు గాల్లోనే ఆగిపోయింది అత్తా. వాడు దాని కింద నుంచి దూరి వెళ్ళి గోల్ కొట్టాడు. తర్వాత ఇంకొకటి కూడా కొట్టాడు.

మా కోచ్ ఓబ్రెన్, "మైదానంలో కూమ్ లేదు, మామ లేడు, తన్నడమే" అంటున్నాడు. నువ్వే చెప్పాలి. కూమ్‌రికం గడ్డి మీద కూడా చెల్లుతుందా?

నీ మేనల్లుడు
వుక్సాన్


బ్రేజా,
సెప్టెంబర్ 21

ఒరేయ్ వుక్సాన్,

నీ ఉత్తరం పోస్టుమాన్ రాడోన్యా చేత రెండుసార్లు చదివించుకున్నాను. మొదటిసారి ఏడ్చాను. రెండోసారి పక్కింటి యోవాంకాకి వినిపించేలా గట్టిగా చదవమన్నాను.

మన గడపకి కూమ్‌రికం అడగడానికి ఎవరైనా వచ్చి ఎన్నాళ్ళయింది రా! మీ తాత ఆ బాప్టిజంలో కూమ్‌గా కొవ్వొత్తి పట్టుకుని నిలబడే నిద్రపోయి ఫాదర్‌గారి గడ్డం అంటించిన నాటి నుంచి ఈ లోయలో మనల్ని పిలిచినవాడు లేడు. అన్ని ఇళ్ళవాళ్ళూ కూమ్ ఇంటికి వెళ్తున్నాం, కూమ్ ఇంటి నుంచి వస్తున్నాం అంటుంటే నేను పొయ్యి దగ్గర కూర్చుని గిన్నెలు తోముకునేదాన్ని. ఇప్పుడు సోకోల్ నుంచి ఒక మనిషి బిడ్డని ఎత్తుకొచ్చి మనవాణ్ణి అడిగాడు. మీ నాన్న ఉంటే సంబరంగా తుపాకీ పేల్చేవాడు. లేడు కాబట్టి నేనే పేల్చాను. యోవాంకా కోడిపుంజు బెదిరి ఇంకా ఇంటికి రాలేదు.

మీ కోచ్‌ది ఏ ఊరు? కొండలెరగని మైదానాలవాడై ఉంటాడు. కూమ్ అంటే ఏమిటో వాడికి చెప్పు. ఒక కడుపున పుట్టని అన్న. అన్నతోనైనా పోట్లాడవచ్చు, కూమ్ మీద చెయ్యెత్తకూడదు, కాలు అసలే ఎత్తకూడదు. గడ్డి మీద చెల్లుతుందా అని అడుగుతావా? గడ్డి మీద, మంచు మీద, నీళ్ళ మీద, అన్నింటి మీదా చెల్లుతుంది. నీ కాలు గాల్లో ఆగిందంటే అది మీ నాన్న పెంపకం.

రాడోన్యా నాకు మీ ఆట వివరంగా చెప్పాడు. ఒక బంతి ఉంటుందిట, దాన్ని తీసుకుని వాళ్ళు మీ గోల్‌లోకి రావాలని చూస్తారుట, నువ్వు రానివ్వవుట. ఎందుకు రానివ్వవు? గుమ్మం దాకా వచ్చినవాణ్ణి బయట నిలబెట్టే పాడు బుద్ధి మన ఇంట్లో ఎవరికీ లేదే. రానివ్వు. బంతి పోతే ఇంకొకటి ఉండదా క్లబ్బులో?

ద్రాగిచ్ పిల్లాడికి ఊలు మేజోళ్ళు పంపుతున్నాను. కొంచెం పెద్దవి. పెరుగుతాడుగా. బంగాళాదుంపలు ఈసారి బాగానే పండాయి, ఆవు మాత్రం నా మీద అలిగింది, ఎందుకో చెప్పదు.

నీ అత్త
మిలుషా


తివత్,
నవంబర్ 18

అత్తా,

మేజోళ్ళు ద్రాగిచ్‌కి ఇచ్చాను. తనకే సరిపోయాయిట. తొడుక్కుని ఆడుతున్నాడు.

కానీ ఆ కత్తెర సంగతి లీగంతా పాకిపోయింది. ఇప్పుడు నేను కత్తెర పట్టుకోనిదే ఆదివారం గడవడం లేదు. ప్రతి టీము ఫార్వర్డూ ఒక పిల్లాణ్ణి వెంటబెట్టుకుని వస్తున్నాడు. బ్రోదార్ టీము వాడికి సొంత పిల్లలు లేరు, చెల్లెలి కొడుకుని తెచ్చాడు. వాడికి ఏడేళ్ళు, శుభ్రంగా దువ్వి పాపిడి తీసుకుని వచ్చాడు. "వీడికి ఇది మొదటి క్షవరమా?" అన్నాను. "మర్యాదస్తుల చేతిలో ఇదే మొదటిది" అన్నాడు వాళ్ళ మామ. ఇంకొకడు కడుపుతో ఉన్న పెళ్ళాన్ని తీసుకొచ్చి ముందుగా మాట పుచ్చుకున్నాడు. కవలలున్న వాడైతే ఒకణ్ణి రిజర్వులో కూర్చున్న ఫార్వర్డ్ పేరన ఇచ్చాడు.

కోచ్ ఓబ్రెన్ నన్ను మ్యాచ్ మొదలయ్యే దాకా బాత్రూంలో పెట్టి బయట తాళం వేశాడు. ఓ తండ్రి కిటికీలోంచి పిల్లాణ్ణి అందించాడు. కోచ్ నా దగ్గర కత్తెర లేకుండా చేశాడు. ఫార్వర్డ్‌లు తమ మేజోళ్ళలో పెట్టుకొస్తున్నారు. "అసలు నీకు కాదు అనే మాట నోటికి రాదా?" అని అరిచాడు. "సెయింట్ యోవాన్ పేరు ఎత్తాక రాదు సార్" అన్నాను. "మనది సోషలిస్టు క్లబ్బు! ఇక్కడ సెయింట్లు లేరు!" అన్నాడు. ఆయన మైదానాలవాడే, నువ్వు సరిగ్గానే కనిపెట్టావు.

ఆట మొదలయ్యాక నేను మైదానం మధ్యలో నిలబడి అందరికీ దారి ఇస్తున్నాను. "ఎలా ఉన్నావు కూమా, పిల్లాడు ఎలా ఉన్నాడు?" అని అడిగితే, "పళ్ళు వస్తున్నాయి కూమా" అని చెప్పి వెళ్ళి గోల్ కొడుతున్నారు. మా గోల్‌కీపర్ నాతో మాట్లాడటం మానేశాడు. ఇలాగైతే మేం దిగువ లీగుకి పడిపోవడం ఖాయం. ఉన్న పని ఊడేలా ఉంది అత్తా. మన వంశంలో ఫుట్‌బాల్‌కి మాత్రం మినహాయింపు ఉందని ఒక్క ముక్క రాసి పంపు. నువ్వు రాస్తే నా కాలు నమ్ముతుంది. నేను చెబితే నమ్మడం లేదు.

వుక్సాన్


బ్రేజా,
1985 జనవరి 16

ఒరేయ్ నాన్నా,

క్రిస్మస్ బాగా జరిగింది. ఇంత మంచు నేను పుట్టాక చూడలేదు. రాడోన్యా వారం రోజులు రాలేక, వచ్చాక వారం రోజులు పోలేక నా దగ్గరే ఉన్నాడు. ఆ తీరికలో పాత పేపర్లు అన్నీ చదివి పెట్టాడు. ఒకదాంట్లో నీ ఫొటో కింద 'తివత్ బార్బర్' అని ఇంతేసి అక్షరాలతో వేశారు.

సెలూన్ పెట్టుకున్నావా! నాకు ఒక్క మాట చెప్పలేదే! చేతిపనిని మించింది లేదు రా. పాత పని ఊడితే ఊడనీ. మనుషుల జుట్టు పెరగడం ఆగదుగా. ఆదివారాలు కూడా కత్తెర దించడం లేదని రాశావు చూడు, ఆ కష్టపడే గుణం మా వైపుది. మినహాయింపు అదీ ఇదీ అని ఏదో రాశావు. సెలూన్ ఉన్నవాడికి మినహాయింపు ఎందుకు?

నీకు కాస్త సాయం చేద్దామని నేను కూడా ఊరికే కూర్చోలేదు. కూమ్‌రికం కలుపుకుని ఇంటికి వెళ్ళకపోతే ఎలా? బస్సు తిరగడం మొదలవగానే మూటకట్టుకుని బయల్దేరాను. ద్రాగిచ్ వాళ్ళ అమ్మ దగ్గరికి, ఆ బ్రోదార్ వాళ్ళ ఇంటికి, ఇంకా రాడోన్యా చీటీ మీద రాసిచ్చిన ఇళ్ళన్నింటికీ వెళ్ళాను. ఎంత బాగా చూసుకున్నారనుకున్నావు! ద్రాగిచ్ అమ్మ నన్ను పొయ్యి పక్కనే కూర్చోబెట్టి, మొక్కజొన్న కచమాక్ మీద వెన్న తేలేలా వేసి పెట్టింది. తిన్నాక నేను ఒకటే మాట అడిగాను.

"వదినా, మా వాడు మీ వాడి బిడ్డకి జుట్టు తీశాడు. తీసిన నాటి నుంచి మీ వాడి మీద కాలెత్తలేదు. మరి మీ వాడు మా వాడి గోల్‌లోకి బంతి తంతున్నాడట. గోల్ అంటే మా వాడు కాపలా కాసే గుమ్మంట. కూమ్ గుమ్మంలోకి ఎవరైనా తంతారా?"

ఆవిడ ముఖం పాలిపోయింది. "నాకు తెలియదు వదినా, వాడు గోల్ కొట్టాననే చెప్పాడు గానీ కూమ్ గోల్‌లో కొట్టానని చెప్పలేదు" అని తలగుడ్డ అంచు నోట్లో కుక్కుకుని ఏడ్చింది. అన్ని ఇళ్ళలోనూ అంతే. మంచి మనుషులు. పెద్దవాళ్ళకి తెలియక పిల్లలు అలా తయారయ్యారు.

సెలూన్‌లో తలుపు దగ్గర నిలబడకు, గాలి కొడుతుంది.

అత్త


తివత్,
మే 5

అత్తా,

సెలూన్ లేదు అత్తా. పేపర్లవాళ్ళు నన్ను వెక్కిరించారు, అంతే. నేను ఇంకా స్టాపర్‌నే. కాదు, ఏమిటో నాకే తెలియడం లేదు.

మార్చిలో ఆట మళ్ళీ మొదలైంది. మొదటి మ్యాచ్ సోకోల్‌తోనే. ద్రాగిచ్ బంతితో వచ్చాడు. నేను ఎప్పటిలాగే పక్కకి తప్పుకున్నాను. వాడు గోల్ ముందు దాకా వెళ్ళి, ఆగి, బంతిని వెనక్కి తిప్పి నా దగ్గరికి తెచ్చాడు. "తీసుకో కూమా" అన్నాడు. "అదేమిటి కూమా, కొట్టు" అన్నాను. "అమ్మ తిట్టింది కూమా. మీ అత్త వచ్చి వెళ్ళిందిట. ఇన్నాళ్ళూ కొట్టినందుకు క్షమించు" అన్నాడు. జనం ఈలలు వేస్తున్నారు, మేం బంతి మీద నువ్వు తీసుకో, నువ్వు తీసుకో అని మర్యాదలు చేసుకుంటున్నాం. చివరికి రిఫరీ విసిగిపోయి తనే తీసుకున్నాడు.

ఆ తర్వాత అన్ని మ్యాచ్‌లూ అంతే. వచ్చిన ఫార్వర్డ్ వచ్చినట్టే గోల్ దాకా వెళ్ళి, మా గోల్‌కీపర్‌కి దణ్ణం పెట్టి వెనక్కి వస్తున్నాడు. గోల్‌కీపర్ ఇప్పుడు గ్లవ్స్ ఇంట్లో వదిలి వస్తున్నాడు. మా వాళ్ళకి ఎలాగూ గోల్ కొట్టడం రాదు. సున్నా సున్నా, సున్నా సున్నా. ఒక్కొక్క పాయింటే అయినా రాలుతూ వచ్చింది. కోచ్ ఓబ్రెన్ నీ ఫొటో ఉంటే పంపమన్నాడు, డ్రెస్సింగ్ రూంలో పెడతాడట.

ఇంతలో రాజధాని టిటోగ్రాడ్‌లోని ఫుట్‌బాల్ సంఘం నుంచి పిలుపు వచ్చింది. మ్యాచ్‌లు అమ్ముడుపోతున్నాయని ఫిర్యాదు. విచారణ సంఘం ముందు నిలబెట్టారు.

అధ్యక్షుడు అడిగాడు, "నీకూ ఎదుటి ఫార్వర్డ్‌లకీ మధ్య ఏమైనా చేతులు మారిందా?"

"మారిందండి."

అధ్యక్షుడు బల్ల మీదికి వంగాడు. "ఏమిటి?"

"మేజోళ్ళు. మా అత్త అల్లినవి."

గుమాస్తా కలం ఎత్తి, "ఊలువా, నూలువా?" అన్నాడు.

"అయ్యా, అమ్ముడుపోవడం ఏమీ లేదు, వాళ్ళంతా నా కూమ్‌లు. దేవుడి మీద, సెయింట్ యోవాన్ మీద ఆన పెట్టారు" అన్నాను. సెయింట్ యోవాన్ పేరు వినగానే అధ్యక్షుడు కుర్చీలోంచి లేచి నిలబడ్డాడు. పార్టీ మనిషి కదా, లేచింది కిటికీ వేయడానికన్నట్టు వెళ్ళి కిటికీ వేశాడు. అది వేసే ఉంది. తెరిచి మళ్ళీ వేశాడు.

వాళ్ళు లోపల మధ్యాహ్నం దాకా గొడవపడ్డారు. ఒక సభ్యుడు కూమ్‌రికం చట్టంలో లేదన్నాడట. ఇంకొకడు, అయితే నువ్వు మీ ఊరెళ్ళి ఆ మాట మీ అమ్మతో అను అన్నాడట. చివరికి తీర్పు ఇచ్చారు. ఎవరికీ శిక్ష లేదు. కానీ ఇక మీదట, ఎప్పటికీ, నా కూమ్ ఉన్న టీముతో ఆడేటప్పుడు నేను మైదానంలోకి దిగకూడదు.

అంటే ఎవరితోనూ దిగకూడదు అత్తా. ఒక్క స్లోగా టీముతో తప్ప. ఆ గనుల ఊరి టీముకి ఉన్న ఫార్వర్డ్ ఒక్కడే, జారియా అని, బ్రహ్మచారి. మిగతావాళ్ళంతా వెనక నిలబడి వాడేం చేస్తాడా అని చూస్తుంటారు. జారియా పిల్లల్ని ఎత్తుకు రాలేదు. ఎవరితోనూ పెద్దగా మాట్లాడడు. రెండేళ్ళుగా స్లోగాతో ఆడిన ప్రతిసారీ నేను వాడికి అతుక్కునే తిరిగాను, వాడు ఒక్క మాట అనలేదు.

నేను లేని మ్యాచ్‌లు మావాళ్ళు వరసగా ఓడిపోతున్నారు. జూన్ 9న ఆఖరి మ్యాచ్ స్లోగాతోనే. అది ఓడకపోతే లీగులో నిలబడతాం. నిలబడితే నాకు కాంట్రాక్టు. నా బతుకంతా ఇప్పుడు ఆ జారియా మీద ఉంది. వాడు కూడా ఒక పిల్లాణ్ణి ఎక్కణ్ణుంచైనా అరువు తెచ్చాడంటే నేను అయిపోయినట్టే.

వుక్సాన్


బ్రేజా,
మే 17

వుక్సాన్,

రాడోన్యాని కొట్టినంత పని చేశాను. "సెలూన్ అని నువ్వే కదరా చదివావు" అంటే, "బార్బర్ అని చదివాను, సెలూన్ నువ్వే కట్టావు" అన్నాడు. నిజమే. నేనే కట్టాను. అద్దాలు, కుర్చీలతో సహా.

నీ పని పోతోందని నువ్వు ఎన్నిసార్లు రాశావు, నేను ఒక్కసారి వినలేదు. నన్ను గుమ్మం దాకా వచ్చి పిలిచేవాళ్ళు దొరికారని, పొయ్యి పక్కన కూర్చోబెట్టారని ఆ మురిపెంలో పడ్డాను. నీ నోటి దగ్గర ముద్ద పోతుంటే నాకు ఎన్ని ఇళ్ళలో వెన్న తేలినా ఏం లాభం రా! ఈ వారంరోజులు నాకు తిండి సయించలేదు. ఆవు కూడా ఇప్పుడు నా మీద జాలిపడుతోంది.

కాబట్టి విను. ఆ జారియా నోరు తెరవకముందే రెండు చెవుల్లో దూది పెట్టుకో. గట్టిగా కుక్కుకో. దేవుడి పేరు ఎత్తినా, సెయింట్ యోవాన్ పేరు ఎత్తినా వినపడకూడదు. వినపడనిదానికి పాపం లేదు. ఉంటే అది నాకు తగులుతుంది. సెయింట్ యోవాన్‌తో నేను మాట్లాడాను. గోడ మీది ఆయన పటం ముందు నిలబడి, "నీ పేరు చెప్పి మావాణ్ణి చాలా వాడుకున్నారు, ఈ ఒక్క ఆదివారం కాస్త అటు చూడు" అన్నాను. ఆయన ఏమీ అనలేదు. నేను ఒప్పుకున్నట్టే లెక్క వేసుకున్నాను.

మ్యాచ్ అయ్యాక కూడా దూది తీయకు. సముద్రం ఒడ్డుకి పారిపో. కాంట్రాక్టు చేతికి వచ్చాకే వినడం మొదలుపెట్టు.

అత్త


తివత్,
జూన్ 11

అత్తా,

మొదటిది మొదట. మేం ఓడలేదు. లీగులో నిలబడ్డాం.

నువ్వు చెప్పినట్టే ఇంట్లోనే దూది పెట్టుకుని వెళ్ళాను. మైదానంలో దిగాక, ఎదురుగా జారియాని చూస్తే నాకు ఎంత సంతోషం వేసిందో ఎలా చెప్పను! వీడు నాకు ఏమీ కాడు! కూమ్ కాడు, కూమ్ బావమరిది కాడు, వీడి పిల్లాడి పళ్ళ గురించి నేను అడగక్కర్లేదు! వాడు మొదటిసారి బంతితో వచ్చినప్పుడు కాలు దానంతట అదే లేచి, బంతిని తీసుకుని, కిందికి దిగింది. సెప్టెంబర్ నుంచి గాల్లో ఉన్న కాలు ఇప్పుడు దిగినట్టు అనిపించింది. స్టాండ్‌లో ముసలివాళ్ళు లేచి నిలబడి 'గొడ్డలి, గొడ్డలి' అంటున్నట్టు నోళ్ళు కదిలాయి. నాకేమీ వినపడలేదు గానీ కళ్ళు తుడుచుకుంటూ ఆడాను.

ఆ తర్వాత వాణ్ణి వదల్లేదు. ఎడమకి పోతే ఎడమకి, నీళ్ళు తాగడానికి పోతే నీళ్ళ దగ్గరికి. అలా వాడి వెంటే ఒక గదిలోకి వెళ్ళి బెంచీ మీద పక్కనే కూర్చున్నాను. చుట్టూ అందరూ నన్నే చూస్తున్నారు. అప్పుడర్థమైంది, హాఫ్ టైం ఊదారని, అది స్లోగా వాళ్ళ గది అని. దూదిలోంచి విజిల్ వినపడలేదు. వాళ్ళ కోచ్ పెద్దమనిషి, నాకూ ఒక నిమ్మచెక్క ఇచ్చాడు. లేచి వెళ్తే జారియాని వదిలేసినట్టవుతుందని నేనూ అక్కడే తిని, వాడితోనే బయటికొచ్చాను.

ఆట పొడుగునా వాడు నాతో ఏదో అంటూనే ఉన్నాడు. పెదాలు కదులుతున్నాయి. నేను చూపు తిప్పుకుని వాడి పాదాలే చూశాను. సున్నా సున్నా. అయిపోయాక కూడా నేను వాడి పక్కనే నిలబడి ఉంటే రిఫరీ వచ్చి భుజం తట్టి, ఇంటికి పో అన్నట్టు చెయ్యి ఊపాడు.

డైరెక్టర్ పెరిషిచ్ గారు పరిగెత్తుకుంటూ కాంట్రాక్టు కాగితం, కలం తెచ్చారు. దూది తీశాను. తప్పలేదు, ఆయన చెప్పేది వినాలి కదా. "ఏడాదికి రెండే మ్యాచ్‌లు నీకు, ఇక్కడ స్లోగాతో ఒకటి, వాళ్ళ ఊళ్ళో ఒకటి. వచ్చే ఏడాది కూడా మన బతుకు ఆ రెండింటి మీదే ఉండేట్టుంది. ఆ జారియా ఒక్కణ్ణి ఆపు చాలు, జీతం మొత్తం ఇస్తా" అన్నారు. రెండు మ్యాచ్‌లకి ఏడాది జీతం! కలం అందుకున్నాను.

అప్పుడు వెనక నుంచి, "వుక్సాన్ అన్నా" అని వినపడింది. జారియా. తల తడుపుకుని దువ్వుకుని, చొక్కా మార్చుకుని వచ్చాడు. చంకలో పిల్లాడు లేడు, చేతిలో కత్తెర లేదు.

"ఆటలో అడుగుతూనే ఉన్నా అన్నా, నువ్వు పలకలేదు. జూలైలో పెట్రోవ్‌దాన్ పండక్కి నా పెళ్ళి. అమ్మాయి వాళ్ళు పెళ్ళికి సాక్షిగా నిలబడే నీ కూమ్ ఎవరయ్యా అంటున్నారు. కూమ్ లేనిదే అమ్మాయిని పంపరట."

"మీ వాళ్ళు ఎవరూ లేరా?" అన్నాను.

"నేను అనాథ శరణాలయంలో పెరిగానన్నా. ఎవరినడగాలో ఆలోచించా. పుట్టినప్పట్నించి ఇంతసేపు నా పక్కన వదలకుండా నిలబడ్డవాడు నువ్వొక్కడివే."

దేవుడి పేరు ఎత్తలేదు అత్తా. సెయింట్ యోవాన్ పేరు కూడా ఎత్తలేదు. అవి ఎలా అడగాలో వాడికి చెప్పిన పెద్దలు లేరు కదా. కాబట్టి నేను కాదనవచ్చు. ఈ ఏడాదిలో నేను నోరారా కాదనగలిగింది ఈ ఒక్కసారే. డైరెక్టర్ గారు నా వెనక నుంచి, "కాదను, వుక్సాన్, కాదను" అని గొణుగుతున్నారు. వాడు చెప్పులవైపు చూస్తూ నిలబడ్డాడు. వాడికి నా కాంట్రాక్టు గురించి, తీర్పు గురించి ఏమీ తెలియదు.

"అవుతాను" అన్నాను.

డైరెక్టర్ గారు నా చేతిలోంచి కలం తీసుకుని మూత పెట్టుకున్నారు. ఆయన కూడా మన కొండలవాడే.

ఇప్పుడు ఈ లీగు మొత్తంలో నేను ఆపదగినవాడు ఒక్కడూ లేడు. నువ్వు వద్దన్నావు, దూది కూడా పెట్టుకోమన్నావు. నా అంతట నేనే తీసి, విని, ఒప్పుకున్నాను. కోప్పడాలంటే కోప్పడు.

వుక్సాన్


బ్రేజా,
జూన్ 19

ఒరేయ్ నాన్నా,

ఈ ఉత్తరం నీకు అందేలోపు నేనే వచ్చేస్తాను, కాబట్టి ఇది చదవక్కర్లేదు. రాడోన్యా ఊరికే వచ్చాడని రాయిస్తున్నాను.

కోపం లేదు. రెండు రోజులు ఏడ్చాను, అది వేరే సంగతి. నువ్వు ఏం తిని బతుకుతావో నాకు తెలియదు, నీకూ తెలియదు. అది వేసవి వెళ్ళాక ఇద్దరం కూర్చుని ఆలోచిద్దాం. ఇక్కడ గడ్డి కోయాలి, కప్పు బాగుచేయాలి, ఈలోగా ఆకలితో చావవు.

ఆ పిల్లాడికి ఎవరూ లేరన్నావు. పెళ్ళికూతురి వాళ్ళు బలగంతో, బళ్ళ నిండా మనుషులతో వస్తారు. ఇటువైపు వాడొక్కడే బిక్కుబిక్కుమంటూ నిలబడితే చూసేవాళ్ళకి ఎలా ఉంటుంది? అందుకని ద్రాగిచ్ అమ్మకి కబురు పంపాను, ఆ బ్రోదార్ వాళ్ళకి కూడా, మిగతా ఇళ్ళవాళ్ళకి కూడా. కూమ్‌కి కూమ్ మనకి చుట్టమే కదా. అందరూ పిల్లల్ని తీసుకుని వస్తున్నారు. పెళ్ళికొడుకు తల్లి కూర్చునే చోట నేను కూర్చుంటాను, వాడికి అభ్యంతరం లేకపోతే. అడిగి చెప్పు. నల్లబట్టలు వద్దని, యోవాంకా దగ్గర నీలం గౌను అరువు తెచ్చుకున్నాను.

నువ్వు మాత్రం వాడి పక్కనే నిలబడు. ఎవరేమన్నా జరగకు. ఆ పని నీకు బాగా వచ్చు.

నీ అత్త
మిలుషా